‘ఎక్స్ అక్షరం వెనక ఏడు రహస్యాలు’ పంపుతున్న వాళ్లందరికీ

ఈ పది రోజుల్లో ఆ మెసేజ్ నాకు ఆరుసార్లు వచ్చింది. విశాఖ ఆర్కే బీచ్‌లో పొద్దున్నే నడిచే మా గుంపు నుంచి రెండుసార్లు, మా అపార్ట్‌మెంట్ గ్రూపులో రెండుసార్లు, రిటైరైన టీచర్ల గ్రూపులో ఒకసారి. టీచర్లు కూడా చదవకుండానే పంపేస్తే ఇక ఎవరితో చెప్పుకోవాలి? ఆఖరుది మా ఆడపడుచు పంపింది. పైన ‘తప్పక చదవండి, పది మందికి పంపండి’ అని, కింద మూడు దణ్ణాలు.

చూడనివాళ్ల కోసం ఆ ఏడూ ఏమిటో చెప్పేస్తాను. ఒకటి, ఎక్స్ అపశకునం అక్షరం, అందుకే తప్పు జవాబుకి ఆ గుర్తు పెడతారు. రెండు, లెక్కల్లో ఎక్స్ మన ‘క్ష’ నుంచి దొంగిలించింది. మూడు, క్రిస్మస్‌ని ఎక్స్‌తో రాయడం క్రీస్తుని కొట్టేయడం. నాలుగు, ఎక్స్‌ఎల్ చొక్కా అంటే రోమన్ లెక్కలో 40 అంగుళాల చొక్కా. అయిదు, రైలు పెట్టె వెనక ఎక్స్ ఉంటే అది ప్రమాదకరమైన పెట్టె, అందులో ఎక్కకూడదు. ఆరు, ఎక్స్-రే అంటే తెలియని కిరణం, అదేమిటో ఇప్పటికీ ఎవరికీ తెలియదు, ఒంటికి తగలనివ్వకండి. ఏడు, ఆడవాళ్లలో రెండు ఎక్స్‌లు ఉంటాయి, ఆడపిల్లకీ రెండు ఎక్స్‌లే, కాబట్టి ఆడపిల్ల పుట్టిందంటే తల్లి ఎక్స్ బలం వల్లే, దాన్ని తగ్గించే ఆహారం ఉంది.

ఏడోది చదివాక ఊరుకోలేకపోయాను. ముందు మిగతావాటి సంగతి చూసి అక్కడికి వస్తాను.

నాలుగోదానికి ఒక్క ముక్క చాలు. చొక్కా మీద ఎక్స్ అంటే ‘ఎక్స్‌ట్రా’. రోమన్ లెక్కలో ఎక్స్‌ఎల్ 40 అన్నది నిజమే, కానీ దర్జీకి ఆ లెక్కతో పని లేదు. అలా అయితే ఎక్స్‌ఎక్స్‌ఎల్ ఎన్ని అంగుళాలో కూడా చెప్పాలి.

మూడోదీ అంతే. గ్రీకులో క్రీస్తు పేరు మొదలయ్యేదే ఎక్స్ ఆకారంలో ఉండే ‘ఖి’ అనే అక్షరంతో. ఆ ఒక్క అక్షరాన్నే క్రీస్తు పేరుకి గుర్తుగా వందల ఏళ్లుగా క్రైస్తవులే వాడుకుంటున్నారు. పేరు కొట్టేయడం కాదు, పేరులో మొదటి అక్షరం రాసుకోవడం. పండగపూట ఎవరి మనసూ నొప్పించకండి.

అపశకునం సంగతి. మనం దీన్ని ఇంటూ మార్కు అంటాం కదా. ఇంటూ అంటే గుణకారం. 1631లో విలియం ఓట్రెడ్ అనే ఇంగ్లీషు గణితజ్ఞుడు తన పుస్తకంలో గుణకారానికి ఆ గుర్తు వాడాడు. లైబ్నిట్జ్ అనే జర్మన్ గణితజ్ఞుడికి అది నచ్చలేదు, ఎక్స్ అక్షరంతో కలిసిపోతోందని చుక్క పెట్టుకున్నాడు. పెద్దవాళ్ల పేచీ అంతవరకే, అందులో శకునం ఊసు లేదు. ముప్పై ఒక్క ఏళ్లు హైస్కూల్లో జీవశాస్త్రం చెప్పి, ఎర్ర పెన్నుతో కొన్ని వేల ఇంటూలు వేశాను. ఆ గుర్తు చూసే పిల్లలు ఎక్కడ తప్పారో వెతుక్కుని దిద్దుకునేవాళ్లు. వాళ్లకి అది మేలే చేసింది.

‘క్ష’ సంగతి కొంచెం బాధ కలిగించింది. తెలియని సంఖ్యలకి ఎక్స్, వై, జెడ్ అని అక్షరమాల చివరి నుంచి తీసుకుని, తెలిసినవాటికి ఎ, బి, సి అని మొదటి నుంచి తీసుకునే పద్ధతి 1637లో అచ్చయిన, దెకార్త్ అనే ఫ్రెంచి గణితజ్ఞుడి రేఖాగణిత గ్రంథంలో ఉంది. మన నుంచి పోయిందనడానికి ఏ ఆధారమూ లేదు. అయితే మనకేమీ లేదా అంటే, అంతకు ముందే అయిదు వందల ఏళ్ల నాడు భాస్కరాచార్యుడి బీజగణితంలో తెలియని సంఖ్య పేరు ‘యావత్తావత్’, అంటే ఎంత ఉంటే అంత. రెండో తెలియనిది కావాలంటే ‘కాలక’, మూడోదానికి ‘నీలక’, తరవాత ‘పీతక’. నలుపు, నీలం, పసుపు అని రంగుల పేర్లు. రాసేటప్పుడు యా, కా, నీ అని మొదటి అక్షరాలు వేసుకునేవారు. ఎంత చక్కటి పద్ధతి! ఇది ఒక్క ఫార్వర్డులోనూ రాదు. ఉన్న గొప్పని వదిలేసి లేని దొంగతనాన్ని పుట్టించడం ఎందుకు?

రైలు పెట్టె మాట దగ్గర నాకు మా నాన్న గుర్తొచ్చారు. ఆయన వాల్తేరు డివిజన్‌లో పాయింట్స్‌మన్. రైలు స్టేషను దాటిపోతుంటే జెండా పట్టుకుని నిలబడేవారు, ఇంజను ఎంత హోరుగా వెళ్లినా ఆయన కళ్లు ఆఖరి పెట్టె కోసమే చూసేవి. దాని మీద ఎక్స్ కనిపించిందంటే రైలు మొత్తం వచ్చేసింది, వెనక లైను ఖాళీ. కనిపించలేదంటే ఎక్కడో పెట్టెల్ని కలిపే కప్లింగ్ తెగి కొన్ని పెట్టెలు వెనకే ఉండిపోయి ఉండొచ్చు. అప్పుడు వెనక స్టేషనుకి కబురు చెప్పి, ఆ లైను మీదకి ఇంకో బండిని వదలకుండా ఆపాలి. రాత్రిపూట అదే పని ఎర్ర దీపం చేస్తుంది. కిరండూల్ నుంచి ఇనుప ఖనిజం వేసుకుని అనంతగిరి ఘాట్లు దిగే గూడ్సులో నాలుగు వ్యాగన్లు తెగి వాలులో నిలిచిపోతే ఏమవుతుందో ఆలోచించండి. ఆ ఎక్స్ ప్రమాదానికి గుర్తు కాదు, ప్రమాదం లేదనడానికి గుర్తు. ఆ పెట్టెలో నిక్షేపంగా ఎక్కండి.

ఎక్స్-రే విషయంలో మెసేజ్ ఒక సగం నిజమే చెప్పింది. 1895 నవంబరు 8న జర్మనీలోని వూర్ట్స్‌బర్గ్‌లో రాంట్‌జెన్ అనే శాస్త్రవేత్త ఆ కిరణాలను మొదట గమనించినప్పుడు అవేమిటో ఆయనకి తెలియదు, అందుకే లెక్కల్లోలాగా ఎక్స్ అన్నాడు. కానీ కథ అక్కడే ఆగిపోలేదు. 1912లో లవె అనే శాస్త్రవేత్త, ఆయన సహచరులు వాటిని స్ఫటికం గుండా పంపి చూస్తే అవీ వెలుగులాంటి తరంగాలేనని తేలింది. వందేళ్లు దాటింది తెలిసి. ఇక ఒంటికి తగలడం గురించి: ఛాతీ ఎక్స్-రే ఒకసారి తీస్తే పడే రేడియేషన్ సుమారు 0.1 మిల్లీసీవర్ట్. నేల నుంచి, గాలి నుంచి, ఆకాశం నుంచి మనిషికి ఏడాదికి సగటున పడేది 2.4. అంటే రెండు వారాలు ఊరికే బతికితే వచ్చేంత. భీమిలి వైపు తీరం ఇసుకలో మోనజైట్ అనే ఖనిజం ఉంది, అందులో రేడియేషన్ వెలువరించే థోరియం ఉంది, అయినా ఆదివారం పిల్లల్ని తీసుకుని అక్కడికే వెళ్తాం కదా. అవసరం లేకుండా పదేపదే తీయించుకోవద్దు, కడుపుతో ఉంటే డాక్టరుకి ముందే చెప్పాలి, ఇవి నిజమైన జాగ్రత్తలు. ‘తగలనివ్వకండి’ అన్నది జాగ్రత్త కాదు. వారాల తరబడి దగ్గుతున్న మనిషి ఈ మెసేజ్ చదివి ఎక్స్-రేకి వెళ్లకపోతే, క్షయ ముదిరాక ఎవరు జవాబు చెప్తారు?

ఇప్పుడు ఏడోది.

మా కింది అంతస్తులో ఒక కోడలు ఉంది. పదకొండు రోజుల క్రితం రెండో కాన్పు, రెండోసారీ ఆడపిల్ల. పాపని చూసొద్దామని వెళ్లాను. పచ్చి బాలింత మంచం మీద గోడవైపు తిరిగి పడుకుని ఉంది. అత్తగారు ఉయ్యాల పక్కనే కూర్చుని, వచ్చిన చుట్టాలకి ఫోన్లో ఈ మెసేజే చూపిస్తోంది. “సైన్సులోనే రాసేరమ్మా. రెండు ఎక్సులూ దీనివేనట. మా గుంటడేటి సేస్తాడు?” ఆ పిల్ల వింటోంది. ఇరవై నాలుగేళ్ల పిల్ల, డిగ్రీ చదివింది, తనూ ఏమీ అనలేదు.

ఇది పంపిన ప్రతివాళ్లనీ ఆ గదిలో నిలబెట్టాలనిపించింది.

ఇక్కడ ఎక్స్, వై అన్నవి క్రోమోజోముల పేర్లు, అంటే తల్లిదండ్రుల లక్షణాలను బిడ్డకి మోసుకెళ్లే, కణాల్లోని పోగులు. తల్లిలో రెండు ఎక్స్‌లు ఉంటాయి. నిజం. అందుకే ఆమె అండంలో ఎప్పుడూ ఎక్సే ఉంటుంది, ఇంకోటి ఉండడానికి వీల్లేదు. తండ్రిలో ఒక ఎక్స్, ఒక వై. ఆయన వీర్యకణాల్లో ఇంచుమించు సగం ఎక్స్ మోస్తాయి, సగం వై మోస్తాయి. ఎక్స్ ఉన్నది వచ్చి కలిస్తే ఆడపిల్ల, వై ఉన్నది కలిస్తే మగపిల్లాడు. కొడుకైనా కూతురైనా తల్లి ఇచ్చేది అదే ఎక్స్. కూతురి రెండో ఎక్స్ తండ్రిది! ‘రెండు ఎక్స్‌లూ తల్లివే’ అన్నవాళ్లు పదో తరగతి పాఠం కూడా తెరవలేదు. 1905లో నెట్టీ స్టీవెన్స్ అనే ఆవిడ పిండిపురుగుల కణాలు సూక్ష్మదర్శినిలో లెక్కపెట్టింది. ఆడపురుగులో 20 పెద్ద క్రోమోజోములు, మగపురుగులో 19 పెద్దవి, ఒకటి చిన్నది. ఆ చిన్నది ఉన్న వీర్యకణం వల్ల మగవి పుడతాయని రాసింది. నూట ఇరవై ఏళ్లుగా తెలిసిన సంగతిని తలకిందులు చేసి, దానికి సైన్సు అని పేరుపెట్టి, బాలింత మంచం దగ్గర చదువుతున్నారు.

‘ఎక్స్ బలం’ అన్న మాట ఎక్కడి నుంచి తెచ్చారు? ఏ తిండికి తగ్గుతుంది అది? బిడ్డ ఆడో మగో అండం, వీర్యకణం కలిసిన క్షణానే తేలిపోతుంది. ఆ తరవాత తల్లి ఏం తిన్నా, ఏం మానినా మారదు. అలాంటి మాటలు నమ్మి కడుపుతో ఉన్న పిల్లకి మంచి తిండి మాన్పించి, ఏదో పొడి తెచ్చి పాలల్లో కలిపి ఇస్తే ఆమె ఒళ్లూ బిడ్డ ఒళ్లూ పాడవుతాయి. ఆడో మగో చూసి బిడ్డని ఎంచుకునే పనులకి అడ్డుకట్టగానే 1994లో చట్టం చేశారు, 2003లో సవరించి గర్భానికి ముందు చేసే ఎంపికనీ అందులోకి తెచ్చారు. ఆ చట్టం ఇంకో మాట కూడా అంటుంది. కడుపులో ఉన్నది ఎవరో తెలుసుకునే పరీక్ష ఒక స్త్రీ చేయించుకుందంటే, భర్తో చుట్టాలో బలవంతపెట్టారనే కోర్టు ముందుగా అనుకోవాలి అని. మన ఇళ్ల సంగతి చట్టానికి తెలిసింది, మెసేజ్ రాసినవాడికి తెలియలేదు.

తల్లి ఎక్స్‌కి ఏ పనీ లేదని నేను అనడం లేదు. కొడుక్కి ఉన్న ఒకే ఒక్క ఎక్స్ తల్లిదే, కాబట్టి ఎరుపు ఆకుపచ్చ తేడా తెలియని వర్ణాంధత లాంటివి కొడుక్కి తల్లి వైపు నుంచే వస్తాయి. మా తమ్ముడు రైల్వేలో ఇంజను నడిపే ఉద్యోగానికి రాసి, రంగుల పరీక్షలో ఆగిపోయాడు. రంగు చుక్కల మధ్య ఉన్న అంకె వాడికి కనబడలేదు. నాన్న రోజంతా చేసింది ఎర్ర దీపం, పచ్చ దీపం చూసే పనే. ఆ ఎక్స్ అమ్మది. ఇది ఒప్పుకోవాలి. కానీ అమ్మ తన రెండు ఎక్స్‌లలో ఏది వాడికి వెళ్లాలో ఏరి ఇవ్వలేదు, మా ఇంట్లో ఎవరూ ఆమెను ఆ మాట అననూ లేదు. చేతిలో లేనిదానికి మనిషిని నిందించడం ఎక్కడి న్యాయం?

ఇంకోటీ ఒప్పుకోవాలి. ఎక్స్ ఆకారంలో ఉంటుంది కాబట్టే దానికి ఆ పేరు వచ్చిందని చాలా ఏళ్లు నేనే పిల్లలకి చెప్పాను. అది తప్పు. 1891లో హెన్‌కింగ్ అనే జర్మన్ శాస్త్రవేత్త ఒక ఎర్రపురుగులో సగం వీర్యకణాలకి మాత్రమే చేరే వింత ముక్కని చూశాడు. అది క్రోమోజోమో కాదో తేలక ఎక్స్ అని రాసుకున్నాడు. అంటే ఇక్కడా ఎక్స్ అంటే ‘తెలియనిది’ అనే. నా దగ్గర చదువుకున్నవాళ్లు ఎవరైనా ఇది చదువుతుంటే దిద్దుకోండి.

మర్నాడు మళ్లీ కిందికి వెళ్లాను, రెండు స్టీలు గ్లాసులు, గుప్పెడు చింతపిక్కలు పట్టుకుని. క్లాసులో ఇలాగే చెప్పేదాన్ని. తల్లి గ్లాసులో అన్నీ నల్ల పిక్కలు. తండ్రి గ్లాసులో సగం నల్లవి, సగం అష్టాచెమ్మాకి అరగదీసినట్టు ఒకవైపు తెల్లగా అరగదీసినవి. కళ్లు మూసుకుని రెండింటిలోంచి ఒక్కోటి తీయాలి. రెండూ నల్లవైతే ఆడపిల్ల, తెల్లది తగిలితే మగపిల్లాడు.

“అప్పా, నువ్వే తియ్యి” అన్నాను అత్తగారితో. ఆవిడ తీసింది, వేసింది, మళ్లీ తీసింది. మూడుసార్లు వరసగా నల్లవి వచ్చాయి, తరవాత తెల్లది, మళ్లీ నల్లది. కోడలి గ్లాసులో చెయ్యి పెట్టి కెలికి చూసింది, ఒక్క తెల్లది ఉందేమోనని.

“ఓలమ్మా, అయితే తప్పు మా గుంటడిదేటి?”

“వాడిదీ కాదప్పా. కళ్లు మూసుకుని తీసింది నువ్వే కదా, నీ తప్పా?”

కోడలు ఇటు తిరిగి చూస్తోంది. ఆ చూపు నాకు ఇంకా కళ్ల ముందే ఉంది.

అపశకునం, చొక్కా, రైలు పెట్టె అంటూ ఏమైనా పంపుకోండి, నేను రోజూ వచ్చి దిద్దలేను. ఏడోదాన్ని మాత్రం ఏయే గ్రూపుల్లో వేశారో ఆయా గ్రూపుల్లోనే ‘ఇది తప్పు, కూతురి రెండో ఎక్స్ తండ్రిది’ అని రాయండి. మా ఆడపడుచు నిన్న రాత్రి రాసింది, తను పంపిన తొమ్మిది గ్రూపుల్లోనూ.