భరతపక్షి కూతకు అంటించిన తోకలు

ఓ ముసలాయన వయొలిన్ మీద పక్షి కూతలు పలికించే ఆ వీడియో నాకు ఇప్పటికి నాలుగు గ్రూపుల్లో వచ్చింది. నిన్న మా మామయ్య కూడా పంపారు, కింద మెసేజ్‌లో మూరెడు విజ్ఞానంతో సహా. ఆయనొక్కరికే జవాబు రాద్దామని కూర్చుంటే ఇంతయింది.

వాయిస్తున్నది ‘చొకర్లియా’. రొమేనియన్‌లో భరతపక్షి అని అర్థం. మెసేజ్ మొదటి వాక్యం ‘వెయ్యేళ్ల నాటి జానపదం’ అంటుంది. మూడో వాక్యం ‘మహా స్వరకర్త ఎనెస్కు సృష్టి’ అంటుంది. ఎనెస్కు పుట్టింది 1881లో. ఈ రెండు వాక్యాలూ ఒకే ఒరలో ఎలా ఇమిడాయో రాసిన మహానుభావుడికే ఎరుక. ఎనెస్కు చేసిందల్లా 1901లో, పంతొమ్మిదేళ్ల వయసులో, తన మొదటి రొమేనియన్ రాప్సొడీ (వాద్యబృందం కోసం రాసిన రచన) చివర్లో ఈ బాణీని వాడుకోవడం. అప్పటికే అది ఊళ్లో మారుమోగుతున్న బాణీ. దీన్ని కట్టినవాడిగా అక్కడివాళ్లు చెప్పుకొనేది అంగెలూష్ దినీకు పేరు. ఆయన రోమా (జిప్సీలని బయటివాళ్లు పిలిచే జాతి) వాద్యకారుడు, వాయించింది వయొలిన్ కాదు, నాయ్: వెదురు గొట్టాల వరస, ఒక్కో గొట్టంలో మైనం కూరి శ్రుతి చేస్తారు. 1889 పారిస్ ప్రపంచ ప్రదర్శనలో రొమేనియా బృందం దీన్ని వినిపించింది. వయొలిన్ మీద పేరు తెచ్చింది మనవడు గ్రిగొరాష్.

జానపదం అన్నమాట మాత్రం కొట్టిపారెయ్యను. కాగితం లేకుండా తాత చేతి నుంచి మనవడి చేతికి వచ్చిన బాణీ, వాయించిన ప్రతివాడూ తన కూతలు తాను కలిపిన బాణీ. అందులో వెయ్యేళ్లు లేవంతే.

‘నిజం పక్షి వచ్చి వయొలిన్ మీద వాలింది.’ వాలనివ్వండి.

ఇక నన్ను కుదురుగా కూర్చోనివ్వనిది ఇది: ‘జిప్సీలు పుట్టు స్వేచ్ఛాజీవులు, బాధ ఎరుగరు, అందుకే పాటలో ఇంత ఆనందం.’

బాధ ఎరుగరా? 1385లో వలాకియా (ఇప్పటి రొమేనియాలో ఒక భాగం) పాలకుడు దాన్ టిస్మానా మఠానికి ఖరారు చేసిన ఆస్తుల్లో 40 రోమా కుటుంబాలున్నాయి. ఆస్తుల్లో, మామయ్యా. అప్పటి నుంచి అయిదు వందల ఏళ్లకు కాస్త తక్కువగా వాళ్లు రాజుకో, మఠానికో, జమీందారుకో బానిసలు. కొన్నారు, అమ్మారు. ఇంట్లో వాయించే బానిసలుంటే జమీందారుకు అదో దర్జా. ఆ వాద్యకారుల్నే ‘లౌతారు’లంటారు, ఈ పాట వాళ్లది. బానిసత్వం పక్కనున్న మొల్దావియాలో 1855లో, వలాకియాలో 1856లో చట్టంతో పోయింది. నష్టపరిహారం ఇచ్చారు కూడా, యజమానులకు! పారిస్‌లో చప్పట్లు మోగేనాటికి ఆ చట్టం వయసు 33 ఏళ్లు. అక్కడితో అయిపోలేదు. 1942లో రొమేనియా నియంత ఆంటొనెస్కు ప్రభుత్వం సుమారు 25,000 మంది రోమాల్ని, యుద్ధంలో తన చేతికొచ్చిన ట్రాన్స్‌నిస్ట్రియా ప్రాంతానికి తోలింది, ఆకలికీ చలికీ జబ్బులకూ 11,000 మంది దాకా పోయారు. ఎంత హాయైన జీవితమో! ఇంకో రెండు పూలబొమ్మలు పెట్టి ఫార్వర్డ్ చేయండి.

చివరగా ‘ఇది మన లంబాడీల బాణీయే’. బోడిగుండుకూ మోకాలికీ ముడి. అయితే ఇందులో ఒక గింజ నిజం ఉంది, ఒప్పుకుంటాను. రోమాల పూర్వీకులు మన దేశం నుంచే వెళ్లారు. వాళ్ల భాషలో నీళ్లు ‘పానీ’, ముక్కు ‘నాక్’, మనిషి ‘మనుష్’. కానీ ఏడు, ఎనిమిది, తొమ్మిది లెక్కపెట్టమనండి: ‘ఎఫ్తా, ఓఖ్తో, ఎన్యా’. గ్రీకు! దారి పొడవునా ఏరుకుంటూ వెళ్లారన్నమాట. ఇక ఈ బాణీ నడక రొమేనియా ఊళ్లలో చేతులు పట్టుకుని గుండ్రంగా ఆడే ‘హోరా’ది. అందులో లంబాడీలకు ఏం సంబంధం?

వీడియో మాత్రం ఉంచుకున్నాను మామయ్యా. ఆ ముసలాయన సన్నతీగ మీద వేలు గుర్రం (తీగలు ఆనే చెక్క) దాకా జార్చి కిచకిచలాడిస్తుంటే, వెనక తంబల్ (పుల్లలతో కొట్టే తీగల వాద్యం) వాయించే కుర్రాడు పుల్లలు గాల్లోనే ఆపి నవ్వుతాడు చూడండి. అక్కడికే నాలుగుసార్లు వెనక్కి జరిపాను.