తగువు వాళ్లతోనే, తీర్పరీ వాళ్లే

ఆంధ్రప్రదేశ్‌లో రైతులకు పంట రుణాలిచ్చే ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘాలకు, అంటే ఊరి సొసైటీలకు, చివరిసారి ఎన్నికలు జరిగింది 2013లో. ఆ పాలకవర్గాల అయిదేళ్ల గడువు 2018లోనే తీరింది. తర్వాత ప్రభుత్వాలు మారాయి, పాలకవర్గాల స్థానంలో ప్రభుత్వం వేసిన త్రిసభ్య కమిటీల్లో పేర్లు మారాయి, రైతు మాత్రం ఓటు వేయలేదు. ఇదంతా పాఠకులకు తెలిసిందే. మేం ఇవాళ అడుగుతున్నది ఒక్కటే. సొసైటీలో రైతుకు అన్యాయం జరిగితే ఎవరి దగ్గరికి వెళ్లాలి?

1964 సహకార సంఘాల చట్టం 61వ సెక్షన్ ప్రకారం సంఘానికీ సభ్యుడికీ మధ్య వచ్చిన తగువు రిజిస్ట్రార్ దగ్గరికి వెళ్లాలి. అంటే సహకార శాఖ అధికారి దగ్గరికే. సివిల్ కోర్టుకు పోయే దారి లేదు. ఎన్నికైన పాలకవర్గం ఉన్న రోజుల్లో దీనికి అర్థముంది. అధ్యక్షుడు తప్పు చేస్తే బయటి అధికారి విచారించేవాడు. ఇప్పుడు సంఘాన్ని నడిపే కమిటీ ప్రభుత్వం నియమించినదే. దానికి ఉత్తర్వు ఇచ్చేదీ, గడువు పొడిగించేదీ ప్రభుత్వమే, సహకార శాఖ చేతుల మీదుగానే. ఆ కమిటీ మీద రైతు పెట్టిన ఫిర్యాదును వినేదీ అదే శాఖ. తాను కూర్చోబెట్టిన మనిషి మీద తానే తీర్పు చెప్పే అధికారిని ఏ రైతు నమ్ముతాడు?

ఈ తగువులు చిన్నవి కావు. తన పేరున ఎవరో పంట రుణం తీశారని, వేరే బ్యాంకులో నో డ్యూస్ (బాకీ లేదన్న పత్రం) అడిగినప్పుడు గానీ రైతుకు తెలియదు. చనిపోయినవాళ్ల పేర్ల మీద, పక్కవాళ్ల పాస్‌బుక్‌ల మీద బినామీ రుణాలు బయటపడుతూనే ఉన్నాయి. కట్టిన వాయిదా రసీదులో ఉంటుంది, లెడ్జర్‌లో ఉండదు. ధాన్యం కొనుగోలు మీద వచ్చిన కమిషన్ సంఘం ఖాతాలో ఎంత పడిందో మహాజన సభలో చెప్పేవాళ్లుండరు. గట్టిగా అడిగితే ‘ఫిఫ్టీ వన్ ఎంక్వైరీ వేశాం’ అంటారు, అంటే అదే చట్టం 51వ సెక్షన్ కింద శాఖ జరిపే విచారణ. ఆ ఎంక్వైరీ నడుస్తుండగా రికార్డులు కనపడకుండా పోతాయి. ఈలోపు తాను తీసుకోని అప్పుకు రైతు పేరున వడ్డీ పెరుగుతుంది, కొత్త అప్పు పుట్టదు. సాగు అదును ఎవరి నివేదిక కోసమూ ఆగదు కాబట్టి ఆయన వడ్డీ వ్యాపారి గుమ్మం ఎక్కుతాడు.

అప్పీలుకు సహకార ట్రైబ్యునల్ ఉంది కదా అంటారు. ఉంది. కానీ కింద తీర్పు వచ్చాకే పైకి వెళ్లాలి. ఆ కింది తీర్పే ఏళ్లు గడిచినా రాకపోతే?

ఎన్నికలు పెడితే ఊళ్లలో పార్టీల గొడవలు రేగుతాయని, కంప్యూటరీకరణ పూర్తికావాలని అధికారుల వాదన. కంప్యూటర్ లెక్క చూపిస్తుంది గానీ తగువు తీర్చదు. ఇక గొడవల మాటకొస్తే, అదే ఊళ్లలో అదే రైతులతో 2024 డిసెంబరులో సాగునీటి సంఘాల ఎన్నికలు జరిపించింది ఈ ప్రభుత్వమే. నీళ్లకు ఓటేయగలిగిన రైతు అప్పుల సొసైటీకి ఎందుకు వేయలేడు?

రైతు ఉత్పత్తిదారుల కంపెనీలో తగువొస్తే రాజీకో మధ్యవర్తిత్వానికో పంపాలని కంపెనీల చట్టమే చెబుతోంది. ఒకటికి మించిన రాష్ట్రాల్లో పనిచేసే సహకార సంఘాల సభ్యుల కోసం కేంద్ర చట్టానికి చేసిన 2023 సవరణ, ఫిర్యాదులు వినే అంబుడ్స్‌మన్‌ను తెచ్చింది. ఊరి సొసైటీ సభ్యుడికి మాత్రం ఇప్పటికీ శాఖ గడపే గతి. రిజిస్ట్రార్ పెత్తనం లేని సహకార సంఘాల కోసం 1995లోనే దేశంలో మొదటగా చట్టం చేసిన రాష్ట్రం ఇది. 1956లో పుట్టిన, ఇప్పుడు తెలంగాణలో ఉన్న ముల్కనూరు సహకార సంఘం సభ్యులు ఎన్నుకున్న పాలకవర్గంతో ఎలా నిలబడిందో చూడటానికి మన వాళ్లు బస్సులేసుకుని వెళ్లొస్తారు. తిరిగొచ్చి త్రిసభ్య కమిటీకి ఇంకో పొడిగింపు ఇస్తారు.

ఈ అలవాటు తెలంగాణకూ పాకింది. అక్కడ 2020 ఫిబ్రవరిలో ఎన్నికైన పాలకవర్గాలకు 2025 ఫిబ్రవరిలో గడువు తీరితే ఎన్నికలకు బదులు ఆర్నెల్ల పొడిగింపు వచ్చింది, ఆ తర్వాత మరో ఆర్నెల్లు. ఆంధ్రలో కూడా ఇది ఆర్నెల్లతోనే మొదలైందని మరిచిపోవద్దు. ఓటు లేకుండా సొసైటీని నడపొచ్చని ఒకసారి రుచి మరిగితే ఏ ప్రభుత్వమూ వదలదు.

ఎన్నికల తేదీ ప్రకటించండి. అప్పటిదాకా సొసైటీ తగువులు వినడానికి సహకార శాఖతో సంబంధం లేని, న్యాయశాఖలో పనిచేసి రిటైరైన అధికారిని జిల్లాకొకరిని పెట్టండి. బినామీ రుణమని ఫిర్యాదు ఉన్న ఖాతాలో తీర్పు వచ్చేదాకా వడ్డీ ఆపండి. 61వ సెక్షన్ కింద ఏ జిల్లాలో ఎన్ని కేసులు ఎన్నేళ్లుగా పడి ఉన్నాయో ఈ నెలలోనే బయటపెట్టండి. ఆ లెక్క కూడా మీ దగ్గర లేదంటే, రైతుల తగువులు వినే అధికారం మీకెందుకు?