తీసేసేటప్పుడే ప్రైవేటా?

కర్నూలులో ఓ ప్రైవేటు హైస్కూలు తన లెక్కల టీచర్‌ను వాట్సాప్ మెసేజ్‌తో ఇంటికి పంపింది. ఆమె హైకోర్టుకు వెళ్లారు. అంతవరకూ పాఠకులకు తెలిసిందే. మాకు కోపం తెప్పించింది యాజమాన్యం కోర్టులో వేసిన జవాబు, అదే కౌంటర్. తమది ప్రైవేటు సంస్థట, టీచర్‌తో ఉన్నది ఒట్టి ఒప్పందమేనట, అందులో కోర్టుకు పని లేదట!

గుర్తింపు కోసం విద్యాశాఖ మెట్లెక్కినప్పుడు ఈ స్కూలు ఒక సొసైటీ. ఆదాయపు పన్ను మినహాయింపు దగ్గర ధర్మసంస్థ. వార్షికోత్సవ వేదిక మీద విద్యాదానం. టీచర్ పొట్ట కొట్టేటప్పుడు మాత్రం ప్రైవేటు!

ప్రైవేటు విద్యాసంస్థలో పనిచేసే టీచర్‌నైనా సరే, విచారణ జరపకుండా తొలగించరాదని 1982 నాటి రాష్ట్ర విద్యాచట్టం 79వ సెక్షన్ చెబుతోంది. ఇక్కడ నోటీసు లేదు, విచారణ లేదు. పాఠం చెప్పడం రాని టీచర్‌ను భరించాలని ఎవరూ అనరు, చిన్న స్కూళ్లకు జీతాల భారం ఉన్న మాటా నిజమే. ఆ సంగతి విచారణలో చెప్పుకోవాలి.

టీచర్లు కార్మికుల నిర్వచనంలోకి రారని సుప్రీంకోర్టు 1988లోనే తేల్చింది. కాబట్టి కార్మికుల తగాదాలు వినే లేబర్ కోర్టు తలుపు మూసే ఉంది. మిగిలింది హైకోర్టు. ఒట్టి ఒప్పందపు తగాదాకు రిట్ (నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్) కుదరదని 2022లో అదే సుప్రీంకోర్టు అన్నది, నిజమే. కానీ సర్వీసు షరతులను చట్టమే నియంత్రిస్తుంటే ఆ మాట వర్తించదని కూడా చెప్పింది. యాజమాన్యం మొదటి సగమే చదివి వినిపిస్తోంది.

ఈ వాదన నెగ్గితే ఒక్క టీచర్‌తో ఆగదు. ఆదోని, ప్రొద్దుటూరు, హిందూపురం, ఎక్కడైనా ఇదే నడుస్తుంది. ఏప్రిల్‌లో మానిపించి, మే జీతం మిగుల్చుకుని, జూన్‌లో తక్కువ జీతానికి ఇంకొకరిని పెట్టుకుంటారు. ఎండలో ఇల్లిల్లూ తిరిగి అడ్మిషన్లు తేలేనన్నవారిని సాగనంపుతారు. ఒరిజినల్ సర్టిఫికెట్లు ఆఫీసు బీరువాలో పెట్టుకున్న యాజమాన్యానికి ఎదురుచెప్పేదెవరు? అడిగితే మళ్లీ అదే జవాబు: మాది ప్రైవేటు.

విద్యాశాఖ కూడా ఈ కేసులో ప్రతివాదే. ఇంతవరకు కౌంటర్ వేయలేదు. టీచర్‌ను తీసేసే ముందు విచారణ జరిగిందా, లేదా? ఒక్క వాక్యం రాస్తే చాలు. గుర్తింపు రెన్యువల్ ఫైలు మీద సంతకం పెట్టే అధికారికి, అందులోని స్టాఫ్ లిస్టులో ఒక పేరు ఎందుకు పోయిందో అడిగే తీరిక లేదా? యాజమాన్యాన్ని అడగడానికే భయపడేవారికి ఆ కుర్చీ ఎందుకు?