చీకటి చూడ్డానికి టార్చిలైటు

కొండను తవ్వి ఎలుకను పట్టారని ఎవరినైనా వెక్కిరించే ముందు మనవాళ్ళు ఒక్కసారి ఆలోచించాలి. కనీసం అక్కడ ఎలుకైనా దొరికింది. ఆ ఎలుక కూడా లేని చోటికి యాభై మైళ్ళ పైచిలుకు కారు నడుపుకుని, పార్కింగుకి పది డాలర్లు కట్టి, పులిహోర డబ్బా మోసుకుని మరీ వెళ్ళొచ్చే భాగ్యం సియాటెల్ చుట్టుపక్కల తెలుగువారిది.

ఆ చోటి పేరు స్నోక్వాల్మీ సొరంగం. వాషింగ్టన్ రాష్ట్రంలో, కాస్కేడ్ కొండల్లో ఉంది. (వాషింగ్టన్ అనగానే వైట్‌హౌస్ పక్కనే అనుకునే పెదనాన్నలకు మనవి: అది దేశానికి ఆ కొస, ఇది ఈ కొస.) పొడవు 11,894 అడుగులు, అంటే రెండుంబావు మైళ్ళు; మన లెక్కలో 3.6 కిలోమీటర్లు. లోపల లైట్లు లేవు. బొర్రా గుహల్లోలాగా రాళ్ళ మీద టార్చి వేసి ‘ఇదిగో శివలింగం, అదిగో ఏనుగు’ అని చూపించే గైడు లేడు. ఇటొక మొన, అటొక మొన, మధ్యలో చీకటి. చూపిస్తామన్నది తప్ప ఇంకేమీ చూపించని పర్యాటక కేంద్రం ఇంతకన్నా నిజాయితీగా మరొకటి ఉండబోదని మా నిశ్చితాభిప్రాయం.

దీన్ని తవ్వించింది మిల్వాకీ రోడ్ అనే రైలు కంపెనీ. 1909లో పసిఫిక్ తీరందాకా పట్టాలు వేసుకుని, మొదట కొన్నేళ్ళు బళ్ళను కనుమ మీదుగానే నడిపింది. అక్కడ మంచు అడుగుల లెక్కన కాదు, మనుషుల ఎత్తు లెక్కన పడుతుంది. ఆ బాధ పడలేక 1912లో కొండకి కన్నం వేయడం మొదలెట్టారు. 1915 జనవరికి బళ్ళు లోపలినుంచి పోవడం మొదలైంది. ముందు బొగ్గింజన్లు. రెండుంబావు మైళ్ళ గొట్టంలో బొగ్గింజను పొగ ఎలా ఉంటుందో వేరే చెప్పక్కర్లేదు. 1920 కల్లా ఈ కొండల్లో 3,000 వోల్టుల కరెంటు తీగలు లాగారు. యాభై ఏళ్ళకి పైగా ఆ చీకట్లో కరెంటు ఉందన్నమాట, ఇంజన్లకి.

తర్వాత కంపెనీ పెద్దలు లెక్క వేశారు. తీగల్లో బోలెడు రాగి ఉంది, దాన్ని తూకానికి అమ్మితే డబ్బు, డీజిలు చవక. 1972లో ఇటువైపు కరెంటు బళ్ళు ఆపేశారు. మరుసటేడాదే అరబ్బు దేశాలు చమురు బిగించాయి, డీజిలు ధర కొండెక్కింది. ‘పాత ఇనప సామాను కొంటాం’ అని వీధిలో కేకేసుకుంటూ పోయే మనిషి కూడా ఇంతకన్నా ముందుచూపుతో బేరమాడతాడు. 1977లో కంపెనీ దివాలా తీసింది, 1980లో ఈ దారిన బళ్ళు పూర్తిగా పోయాయి. మిగిలింది కన్నం. కన్నాన్ని తూకానికి ఎవరూ కొనరు గనక, పట్టాల దారి రాష్ట్ర ప్రభుత్వం చేతికొచ్చింది. కంకర పరిచి నడకదారి చేసింది. పైకప్పు పెచ్చులు రాలుతున్నాయని 2009లో మూసి, లోపలంతా బాగుచేసి, 2011లో మళ్ళీ తెరిచింది.

ఇక దర్శన విధానం. ఐ-90 హైవే మీద 54వ ఎగ్జిట్ తీసుకుంటే హయాక్ అనే చోటు వస్తుంది. పార్కింగు దగ్గర్నుంచి తూర్పు మొనకి అరమైలు కూడా ఉండదు. వెళ్ళేముందు నెల చూసుకోవాలి: నవంబరు 1 నుంచి మే 1 దాకా సొరంగం మూత. సొరంగానికి మూతేమిటని నవ్వకండి, దీనికి నిజంగానే తలుపులున్నాయి. కొండలోంచి ఊరే నీళ్ళు చలికాలంలో మొనల దగ్గర గడ్డకట్టి, ఈటెల్లా వేలాడి, ఎండ పొడ తగలగానే ఊడి పడతాయి. అందుకే రైళ్ళ కాలంలో కూడా చలిగాలి లోపలికి దూరకుండా తూర్పు తలుపులు మూసి ఉంచి, బండి వస్తే తెరిచేవారు. ఇంటి తలుపు తీసి ఉంచి ఏసీ వేసుకునేవాళ్ళందరికీ ఈ సంగతి పంపించాలి.

ఇక్కడ కారు నిలపాలంటే కొనాల్సిన రాష్ట్రం వారి చీటీ, డిస్కవర్ పాస్, దాని సంగతి కాస్త వివరంగా చెప్పుకోవాలి, ఎందుకంటే తెలుగు మేధస్సు పూర్తిగా వికసించేది ఇక్కడే. ఏడాది పాస్ మీద రెండు కార్ల నంబర్లు రాసుకోవచ్చు. రెండు అనగానే, ఒక పాస్, రెండు కుటుంబాలు, చెరి సగం. ఏర్పాటు అమోఘం. ఒకే శనివారం రెండు కుటుంబాలూ కలిసి రెండు కార్లలో వచ్చేదాకా. పాస్ ఒక్కసారికి ఒక్క కారుకే, అదీ అద్దంలోంచి కనబడాలి. రెండో కారుకి పడే జరిమానా 99 డాలర్లు. ఆ కాగితం చూశాక ఎవరి కారులో పాస్ ఉండాల్సిందనే చర్చ రెండుంబావు మైళ్ళకి సరిపోతుంది గనక, వినోదానికి లోటుండదు.

బయట జులై ఎండ ముప్పై డిగ్రీలుంటే, లోపల పదికి అటూ ఇటూ. గుమ్మం దాటిన పదడుగుల్లోనే ఫ్రిజ్ తలుపు తీసినట్టు చల్లగాలి మొహాన కొడుతుంది. పై నుంచి చుక్కలు పడుతుంటాయి. నూలు చొక్కా తడిస్తే ఆరదు, ఒంటి వేడిని లాగేస్తూ ఉంటుంది. అందుకని సన్నటి వానకోటు ఒకటి, లోపల వెచ్చటిదొకటి. హవాయి చెప్పులతో మాత్రం వద్దు, కంకరరాయి ఒకటి మడమ కిందకి దూరిందంటే దాన్ని దులపడానికి చీకట్లో ఒంటికాలి మీద నిలబడాలి. పసిపిల్లల స్ట్రోలర్ అయితే పెద్ద చక్రాలది; మాల్లో తిప్పే బుల్లి చక్రాలది గతుకుల్లో దిగబడుతుంది.

లైటు. పదిమంది బృందానికి ఒకే ఒక్క హెడ్‌ల్యాంప్ తెచ్చుకోవడం మన ఆచారం. దాన్ని పెట్టుకున్నాయన మాటల మనిషై ఉంటాడు. ఎవరితో మాట్లాడితే వాళ్ళ మొహం మీదికి తల తిప్పుతాడు, వాళ్ళకి అయిదు నిమిషాలు కళ్ళు కనబడవు. ఇంకో చిక్కుంది: చలికి నోట్లోంచి వచ్చే ఆవిరి సరిగ్గా నుదుటి లైటు ముందే తేలుతుంది, వెలుగంతా దాని మీద పడి వెనక్కి కొడుతుంది, ఎదురుగా తెల్లటి పొగ తప్ప ఏమీ ఉండదు. అదే లైటుని నడుం దగ్గర పట్టుకుంటే ఈ బాధ తప్పుతుంది, పైగా వెలుగు పక్కవాటంగా పడి గతుకులకి నీడలొస్తాయి. ఫోను లైటుని నమ్ముకోవద్దు. వెలుగు నాలుగడుగులు దాటదు, సగం దారిలో ఛార్జింగు అయిపోతుంది, అప్పుడు ఫోటోలకి ఫోను లేదని మొదలవుతుంది అసలు ఏడుపు.

లోపలికెళ్ళాక అటు మొన వెలుగు చుక్కలాగా కనబడుతుంది. అక్కడినుంచి ఈ సంభాషణ అనివార్యం:

“ఏం బాబూ, ఇంకెంత దూరం?”

“వచ్చేశాం మావయ్యగారూ, అదిగో లైటు.”

పావుగంట తర్వాత అదే ప్రశ్న, అదే జవాబు, అదే లైటు. ఇందులో అల్లుడి మోసమేమీ లేదు, లెక్క అలాంటిది. దూరం సగమైతే గానీ ఆ వెలుగు చుక్క వెడల్పు రెట్టింపవదు. బయల్దేరినప్పుడు ఆవగింజంత, మైలు పైచిలుకు కాళ్ళు లాగేలా నడిచాక మెంతిగింజంత, ముప్పాతిక దారి గడిచాక కందిగింజంత. గుమ్మడికాయంత అయ్యేది ఆఖరి నాలుగడుగుల్లోనే. ఒక్క వైపు నడకకి మామూలుగా ముప్పావుగంట నుంచి గంట. మావయ్యగారికి ముందే “గంట” అని చెప్పేసిన అల్లుడు ఇప్పటిదాకా చరిత్రలో నమోదు కాలేదు.

ఆయన విసుగు కూడా అర్థం చేసుకోదగ్గదే. కొత్తవలస–కిరండూల్ లైన్లో 58 సొరంగాలున్నాయి. అరకు వెళ్ళే బండిలో కిటికీ పక్కన కూర్చుని, చేతిలో వేరుశెనక్కాయల పొట్లంతో, ఒక్క అడుగు వేయకుండా చూసిన మనిషి ఆయన. మన జాతికి సొరంగ మర్యాద నేర్పిందీ ఆ బండే: చీకటి పడగానే బోగీ బోగీ అంతా గొంతెత్తి అరవాలి, వెలుగు రాగానే ఆపాలి. అక్కడి సొరంగాలు గొంతుకి సరిపడా కట్టారు. ఇక్కడ అదే నియమం పాటిస్తే గంటసేపు అరవాలి. అయినా ప్రయత్నించేవాళ్ళకి కొదవ లేదు. ‘ఓయ్’ అన్న ఒక్క కేక గోడల వెంట దొర్లుకుంటూ పోయి, ఎక్కడో ఎదురొస్తున్న వేరే తెలుగు కుటుంబాన్ని తాకి, అక్కడినుంచి రెండు ‘ఓయ్’లుగా తిరిగొస్తుంది.

ఎదురొచ్చేవాళ్ళలో సైకిళ్ళవాళ్ళుంటారు, వాళ్ళతో జాగ్రత్త. కుడి పక్కన ఒకరి వెనక ఒకరు నడిస్తే గొడవే లేదు. మనం దారికడ్డంగా చెయ్యీ చెయ్యీ పట్టుకుని నడుస్తాం. గంట మోగగానే సగం మంది ఎడమకి, సగం మంది కుడికి దూకుతారు. మధ్యలో ఒక పిన్నిగారు మాత్రం ఎటూ తేల్చుకోలేక నిలబడిపోతారు.

ఇంతకీ వచ్చిన పని చీకటి చూడటం కదా. దానికి పద్ధతుంది. సొరంగం నడిమధ్యకి వచ్చాక గోడవారకి జరిగి, ముందూ వెనకా సైకిళ్ళు లేవని చూసుకుని, అన్ని లైట్లూ ఆర్పాలి. కళ్ళు చీకటికి పూర్తిగా అలవాటు పడటానికి ఇరవై నుంచి ముప్పై నిమిషాలు కావాలి. అయిదు నిమిషాలకే తేడా తెలుస్తుంది: నీటి చుక్కలు ఎక్కడ పడుతున్నాయో చెవి చెప్పడం మొదలెడుతుంది, గాలి ఎటునుంచి వస్తోందో చెంపకి తెలుస్తుంది, పక్కనున్నది ఎవరో పేరుతో సహా ఊపిరిని బట్టి పోల్చుకోవచ్చు. ఈ అయిదు నిమిషాలూ ఇప్పటిదాకా ఏ బృందానికీ పూర్తి కాలేదు. నాలుగో నిమిషంలో ఒకరు “అయిదు నిమిషాలయ్యిందా?” అని ఫోను తెరుస్తారు. తెల్లటి వెలుగు ఒక్క క్షణం పడితే చాలు, అందరి లెక్కా మళ్ళీ సున్నా నుంచి. ఎర్ర లైటుకైతే ఇంత నష్టముండదు, చాలా హెడ్‌ల్యాంపుల్లో ఆ బటనుంటుంది కూడా. అది ఎందుకుందో తెలియక ఇంటి దగ్గర పిల్లల చేత దయ్యాల ఆట ఆడిస్తుంటాం.

పడమటి మొన దాటితే ఎదురుగా లోయ, పచ్చటి కొండలు, కింద దూరంగా వచ్చిన దారే ఐ-90. పులిహోర ఇక్కడే. తిన్నాక “కారు ఇటు తెప్పించకూడదా?” అని అత్తగారు అడుగుతారు. కుదరదు. వచ్చిన చీకట్లోంచే వెనక్కి వెళ్ళాలి, ఈసారి కడుపు నిండా తిని, కాస్త ఎగువకి.

సాయంత్రానికి ఫోటోలు వాట్సాప్ గ్రూపులో పడతాయి. డెబ్భై ఉంటే అరవై నల్లగా ఉంటాయి; మిగతా పదింటిలో ఎవరి నుదుటి మీదో సూర్యుడు, మెడ కింద చీకటి. ఊళ్ళో తెల్లవారి లేచిన బాబాయి అన్నీ ఓపిగ్గా తెరిచి చూసి, కింద ఒకే ఒక్క ముక్క రాస్తాడు: “అమెరికాలో కూడా కరెంటు లేదట్రా?”

ఉండేది బాబాయ్. 1972లో తీసేశారు.